చెన్నపురి అంగడివీధులు, మన పెద్దల చిట్టాలు

ఈ సంవత్సరపు మహాసభా సంచికకై చెన్నపురిలోని జార్జిటౌను అంగడివీధులను గూర్చి యొక చరిత్రవ్యాసము వ్రాయవలసినదని సంపాదకవర్గమువారు మమ్ము కోరిరి. ఇట్టి సంచికలలో మనవారు వ్రాయు చరిత్రలు సామాన్యముగా నొకే త్రోవను నడచును. మొదట పురాణకథ, పిమ్మట నొక శాసనము, ఆ పిమ్మట దాతల నామావళి. మేమును ఆ త్రోవనే పోదలచి కాగితములు ముందుంచుకొంటిమి. కాని రెండుమూడు దినములు పుస్తకములు త్రిప్పుసరికి మాకొక చిక్కు తోచెను. మన పెద్దలు మూడువందల యేండ్లకు పైగా క్రయవిక్రయములు జరిపిన యా వీధులను గూర్చి మాకు తెలిసినదంతయు ఇంగ్లీషు కంపెనీవారి దస్త్రములలోనిదే. మనవారు తమ చేతితో వ్రాసికొన్న లెక్క యొక్కటియు మా ముందున్న పుస్తకములలో కానరాలేదు. కావున దాతల నామావళిని మరియొకరికి విడిచి, ఈ చిక్కును గూర్చియే మేమిందు వ్రాయుచున్నాము. చదువరులు మన్నింతురుగాక.

ఆ ప్రాంతమును చూడని సోదరులకై ముందుగా దాని యెల్లలు చెప్పవలెను. చెన్నపురి హైకోర్టుకు ఉత్తరమున తూర్పుపడమరలుగా నొక పెద్దవీధి కలదు. పూర్వము చీనాబజారని పిలువబడిన యీ వీధికి నేడు నేతాజీ సుభాష్ చంద్రబోసు రోడ్డని పేరు. దాని తూర్పుకొన సముద్రముదిక్కున ప్యారీస్ కార్నరు. అచ్చటినుండి ఉత్తరముగా లింగిచెట్టి వీధి, తంబుచెట్టి వీధి, ఆర్మీనియను వీధి మొదలగునవి బయలుదేరును. పడమటిప్రక్క గోడౌను వీధి, గోవిందప్ప నాయకుని వీధి, దేవరాజ మొదలి వీధి, టంకసాల వీధి కలవు. ఒక వీధిలో బట్టలే, ఒక వీధిలో కాగితములే, ఒక దానిలో అద్దములును గాజుసామానులును, మరియొక దానిలో మందుదినుసులును వక్కలును. పెండ్లి తలపెట్టిన గృహస్థు ఉదయమున ప్యారీస్ కార్నరువద్ద దిగినచో చీకటిపడులోగా శుభలేఖలు మొదలు తలంబ్రాల పళ్లెమువరకు సర్వమును కొనుక్కొని, మోయలేక యొక తోపుడుబండిని బాడుగకు మాటలాడుకొని మరలుట మేమెన్నియో పర్యాయములు చూచితిమి. మేమును అట్లే మరలితిమి.

ఇక చరిత్రము. 1639వ సంవత్సరమున దామెర్ల వేంకటప్పనాయకునివలన ఇంగ్లీషువారు సముద్రతీరమున నొక యిసుకమిట్టను పొందిరి. ఆయన తండ్రి చెన్నప్పనాయకుని పేరనే చెన్నపట్టణమను పేరు వచ్చినది. నాటి ఇంగ్లీషువారికి మచిలీబందరునందు 1611 మొదలు వ్యాపారశాల యుండెను. నెల్లూరుసీమలోని దుర్గరాజుపట్టణమునందును, వారి వాడుకలో ఆర్మగాను, ఒక స్థానముండెను. ఈ రెంటిని విడిచి రేవైనను లేని యీ యిసుకమిట్టకు ఫ్రాన్సిస్ డే యేల వచ్చెను? బట్టకొరకు. ఇచ్చటి నేతబట్టయు అద్దకపుబట్టయు దుర్గరాజుపట్టణముకంటె చౌకగా దొరకునని యాతడు తన పైవారికి వ్రాసెను. కోట కట్టినది బట్టను కాపాడుకొనుటకే యనిన అతిశయోక్తి కాదు. కోటకు ఉత్తరమున, నేడు హైకోర్టున్న చోటనే, నేతగాండ్రు, అద్దకమువారు, వర్తకులు, దుబాసీలు ఇండ్లు కట్టుకొనిరి. ఇంగ్లీషువారు దానిని నల్లపట్టణమనిరి. ఆ పేరిడినవారి బుద్ధి పేరులోనే తెలియుచున్నది.

వర్తకము జరిగిన విధమును కొంచెము వివరింతుము. పాఠకులలో వ్యాపారస్థులే హెచ్చుగనుక వారికిది రుచించును. కంపెనీవారు ప్రధానవర్తకునితో మచ్చుచూచి ధర నిర్ణయించుకొని వరహాలు బయానా యిచ్చువారు. అతడు తనక్రింది వర్తకులకును, వారు దళారీలకును, దళారీలు నేతపల్లెలలోని సాలెవారికిని ఆ సొమ్ము పంచువారు. నెలలు గడచినపిమ్మట బట్ట మూటలుగా కోటకు వచ్చును. అచ్చట మచ్చుతో సరిపోల్చి తరగతులు చేయుదురు. మచ్చుకు తగ్గినది త్రిప్పివేయబడును, లేదా ధర కోయబడును. ముడిబట్ట చలువచేయించుటకు ప్రత్యేకముగా చాకలిపేట యేర్పడెను. ఈ గొలుసులో బయానాసొమ్ము ఎచ్చటనైన మునిగినచో భారము వర్తకునిమీద పడునే కాని కంపెనీమీద పడదు. కరవు వచ్చినను, దండు వచ్చి నేతపల్లెను దోచినను, కంపెనీ పుస్తకములో వర్తకుడే బాకీదారు. ఈ పద్ధతి ఎవరి మేలునకు కల్పింపబడెనో వర్తకులైన మన సోదరులకు వేరుగ చెప్పనక్కరలేదు.

కోటస్థలము సంపాదించునప్పుడు ఇంగ్లీషువారికి దుబాసియై తోడ్పడినవాడు బేరి తిమ్మన్న. పట్టణమున చెన్నకేశవస్వామి ఆలయముతో ఆ కుటుంబముపేరు ముడిపడియున్నది. అతనికి పిమ్మట ప్రసిద్ధుడైన ప్రధానవర్తకుడు కాశి వీరన్న. ఇతడు 1680లో మరణించినప్పుడు కోటపైనుండి ముప్పదిసారులు ఫిరంగులు పేల్చి కంపెనీవారు మర్యాద చేసిరి. ఇట్టి పురుషులు ఏ కులమువారను వాదము మన సంచికలకు పరిపాటి. మేమందుకు దిగము. వీరన్నకు ఎన్ని ఫిరంగులు పేలినవో కంపెనీవారు లెక్కవ్రాసిరి. వీరన్నకు కంపెనీ యెంత బాకీయుండెనో వీరన్న వ్రాసికొన్న లెక్క మనకు దక్కినచో, వాదమునకంటె అది యెంత మేలై యుండును!

ఇప్పుడు చెప్పబోవు ఘట్టము మనసభలో వినుటకు ఇంపుగా నుండకపోవచ్చును. అయినను విడువరాదు. ఆ కాలమున దక్షిణదేశమునందు కులములు కుడిచేతివి, ఎడమచేతివి అని రెండు కక్షలుగా నుండెను. చెన్నపట్టణమున మన కోమట్లును, బలిజలును, వెల్లాలవారును కుడిచేతిలో నుండిరి. బేరిసెట్టులును, పంచాణమువారును ఎడమచేతిలో నుండిరి. ఏ వీధిలో ఎవరి పెండ్లి ఊరేగవలెను, ఏ వాద్యము మ్రోగవలెను, ఏ పందిరికి ఎన్ని స్తంభములుండవలెను, ఇవియే వివాదములు. పట్టణము పుట్టి పదునాలుగేండ్లయినను కాకమునుపే, 1652లో, ఈ రెండుకక్షలు వీధులలో కొట్టుకొనెను. కోటలోని దొరలు మధ్యవర్తులై వీధులు పంచియిచ్చిరి.

ఆ పంపకము శాశ్వతము కాలేదు. టామస్ పిట్ గవర్నరుగా నున్నకాలమున, 1707లో, ఒక పెండ్లి ఊరేగింపు కారణముగా వైరము మరల రగిలెను. గవర్నరు వీధులలో హద్దురాళ్లు నాటించెను. కుడిచేతివారు ఒప్పుకొనలేదు. వారిలో అనేకులు పనులు మాని, ఇండ్లు విడిచి, దక్షిణముననున్న శాంథోముకు తరలిపోయిరి. కోటలో పని నిలిచిపోయెను. ఓడలకు సరుకు కావలెను, సరుకుచేయు చేతులు లేవు. తన సభలోనివాడే యైన విలియం ఫ్రేజరు వీరిని లోలోపల రెచ్చగొట్టెనని పిట్ దొర యనుమానించి అతనిని పదవినుండి తొలగించెను. రాకపోకలు, రాయబారములు, బెదరింపులు జరిగి, మరుసటి సంవత్సరమునకు గాని వ్యవహారము చల్లారలేదు. కుడిచేతివారు పెద్దనాయకుని పేటలోను, ఎడమచేతివారు ముత్యాలపేటలోను ఉండవలెనని యేర్పాటయ్యెను. తొలగింపబడిన ఫ్రేజరే 1709లో గవర్నరగుట మరియొక వినోదము.

మా పెద్దలు చెప్పగా మేము బాల్యమున విన్నకథ వేరు. మనవారు ఆత్మగౌరవమునకై యూరువిడిచి దొరల మెడలు వంచిరని వారు చెప్పువారు. అందు సత్యము లేకపోలేదు. వర్తకులును పనివారును కలిసి కదలినచో కోటకు ఊపిరాడదని ఆనాడే తేలినది. అయితే వారు కదలినది బయానాల పద్ధతి మార్చుటకు కాదు, ధరలు పెంచుటకును కాదు, ప్రక్కవీధివాని పెండ్లిమేళము నిలుపుటకు. అంత బలముండియు దానిని దేనికి వెచ్చించిరో తలచుకొన్నప్పుడు మాకు సిగ్గు కలుగుచున్నది. ఇది మా యభిప్రాయము. భిన్నాభిప్రాయులు వచ్చు సంచికలో ఖండింపవచ్చును.

కాని ఇందొక మెలిక కలదు. ఈ కలహమును గూర్చి మనకింత వివరముగా తెలియుటకు కారణమేమి? కంపెనీవారి సభాదస్త్రములు. వర్తకులు సుఖముగా కొనుచు నమ్ముచునున్న దినములలో దస్త్రములో వారి పేరు రాదు. కొట్టుకొన్ననాడు వచ్చును, బాకీపడ్డనాడు వచ్చును, చచ్చిననాడు ఫిరంగులతో వచ్చును. ఆ దస్త్రములను చెన్నపురి ప్రభుత్వమువారు అచ్చువేయించిరి, వానిని పరిశోధించి లవ్ దొర 1913లో చెన్నపురి పూర్వచరిత్రమును పెద్దసంపుటములుగా ప్రకటించెను. మనవారు వ్రాసిన వ్యాసములన్నియు వానిమీద ఆధారపడినవే, ఈ వ్యాసముతో కూడ. కోటలో కూర్చున్నవాడు కిటికీలోనుండి చూచి వ్రాసినదే మన చరిత్రమైనది. మన వీధులు ఆ చరిత్రలో తగవులవీధులుగానే కనబడుటలో వింత లేదు.

పాతపట్టణము నిలువలేదు. 1746లో ఫ్రెంచివారు కోటను పట్టుకొని, కోటగోడను ఆనియున్న ఇండ్లను కొంతమేర పడగొట్టించిరి. 1749లో కోటను తిరిగిపొందిన ఇంగ్లీషువారు ఆ పనినే కొనసాగించిరి. శత్రువు ఇండ్లచాటున దాగి కోటపైకి రాకుండుటకు ఎదుట మైదానముండవలెనని వారి తలంపు. పట్టణపు ఆలయముకూడ ఆ కాలముననే పడగొట్టబడెను. ఆ స్థలమునకు మారుగా వేరుచోట కంపెనీవారు భూమినియ్యగా, దుబాసి మణలి ముత్తుకృష్ణ మొదలియారు తోడ్పాటుతో చెన్నకేశవ, చెన్నమల్లేశ్వర ఆలయములు నేడున్నచోట వెలసినవి. 1758–59లో లాలీ సేనాని ముట్టడించినప్పుడు మిగిలినదియు పాడయ్యెను. నూరేండ్లకు పైగా అంగళ్లున్న నేల బయలైనది. ఆ బయలుమీదనే 1892లో హైకోర్టు భవనము తెరవబడినది. నేడు వ్యాజ్యములకై అచ్చటికి పోవు మన వర్తకసోదరులు తమ ముత్తాతల అంగళ్లమీదనే నడచుచున్నారు.

ఇండ్లు పోయినవారు ఉత్తరమునకు జరిగి పెద్దనాయకుని పేటలోను ముత్యాలపేటలోను చేరిరి. నేటి జార్జిటౌను ఈ రెండు పేటలే. పెద్దనాయకుడనగా పట్టణమునకు కావలి కాయు వంశపారంపర్యపు అధికారి, తెలుగువాడు. హైదరాలీ దండు చెన్నపురి పొలిమేరలకు వచ్చినపిమ్మట ఈ క్రొత్తపట్టణమునకు చుట్టును గోడ కట్టిరి. ఆ ఖర్చునకై ప్రజలపై పన్నువేయదలచిరి. వాల్‌టాక్సు రోడ్డను పేరు దానివలననే నిలిచినది. 1773లో కోటవైపు మరల ఎవ్వరును ఇల్లు కట్టకుండ హద్దుగా స్తంభములు నాటిరి. వానిలో నొకటి ప్యారీస్ కార్నరులోని డేర్ హౌసువద్ద నేటికిని నిలిచియున్నది.

ఇక నాకాలపు రెండుపేటల నడుమనున్న హద్దును గూర్చి చెప్పవలెను. కుడిచేతివారి పేటకును ఎడమచేతివారి పేటకును మధ్య అత్తపళ్లమను నొక పల్లపునేల యుండెను. వానకాలమున నీరును, ఎండకాలమున చెత్తయు. రెండుకక్షలవారును తమ హద్దని దానిని విడిచిరి. 1778లో ఈ యూరికి వచ్చిన స్టీఫెన్ పోఫాం అను న్యాయవాది ఆ పల్లమును కొని, పూడ్పించి, ఉత్తరదక్షిణములుగా నొక విశాలమైన వీధి వేయించెను. అదియే బ్రాడ్వే. రెండుప్రక్కల పేటలలోని సరుకును అచ్చట కలిసెను. రాళ్లు నాటినచోట తగవు పుట్టినది, పల్లము పూడ్చినచోట బేరము పుట్టినది. పోఫాం దొర పరోపకారమునకై యీ పని చేసెనని మేమనము. స్థలములమ్ముకొనుటకే చేసెను. పిమ్మట ఆ వీధికి మన టంగుటూరి ప్రకాశము పంతులుగారి పేరిడిరి. 1928 ఫిబ్రవరి 3వ తేదీన సైమను కమీషను నాటి హర్తాళమున, ఆ వీధిమొగసాలకు చేరువనే, పోలీసు తుపాకుల యెదుట ఆయన రొమ్ము చూపిన వృత్తాంతము ఆంధ్రులలో తెలియనివారు లేరు.

పందొమ్మిదవ శతాబ్దమును గూర్చి త్వరగా ముగింతుము. వేల్సుదేశమునుండి 1788లో వచ్చిన టామస్ ప్యారీ తన వ్యాపారశాల నా మూలయందు నెలకొల్పెను. ఆయన 1824లో మరణించెను, మూలకు పేరు మిగిలెను. 1818లో వరహాకు మారుగా రూపాయి ప్రమాణనాణెమయ్యెను. నూరు వరహాలకు మూడువందలయేబది రూపాయలు. నాటి గుమాస్తాలు ఎన్ని రాత్రులు దీపముముందు పాతబాకీలు మార్చి వ్రాసికొనిరో! నీలిమందు, బట్టల వర్తకులైన గాజుల లక్ష్మీనరసు సెట్టిగారు 1844లో క్రెసెంటు పత్రికను, 1852లో మదరాసు నేటివ్ అసోసియేషనును స్థాపించి ప్రజల కష్టములను సీమవరకు వినిపించిరి. ఈ యంగడివీధులనుండి పుట్టిన రాజకీయమునకు వారు ఆద్యులు. వావిళ్ల రామస్వామి శాస్త్రులుగారి ముద్రాలయము 1854లో వెలసెను. 1908లో బొంబాయిలో పుట్టిన ఆంధ్రపత్రిక 1914లో దినపత్రికయై తంబుచెట్టి వీధికి చేరెను. నెల్లూరు, కడప, బళ్లారి సీమల వర్తకులు సరుకునకై వచ్చి, మరలునప్పుడు పంచాంగమును, వావిళ్లవారి భాగవతమును కొనిపోవువారు. షాహుకారుపేటలో గుజరాతీలును మార్వాడీలును నిలిచిరి. ఒకే వీధిలో తెలుగు, అరవము, గుజరాతీ, హిందూస్తానీ వినబడుచుండెను. 1906లో ఆర్బత్నాటు కంపెనీ దివాలాతీసి వేలకొలది కుటుంబముల సొమ్ము మునిగినపుడు, మన సొమ్మునకు మన బ్యాంకే కావలెనని 1907లో ఇండియన్ బ్యాంకు పుట్టెను. 1911లో అయిదవ జార్జి పట్టాభిషేకస్మృతిగా నల్లపట్టణమను పేరు పోయి జార్జిటౌనని వచ్చెను. పేరు మారినందుకు సంతసింపవచ్చును, క్రొత్తపేరును పరులదే.

మనవారికి ముఖ్యమైన చోటు కొత్వాలు చావడి. కన్యకాపరమేశ్వరీ దేవస్థానమువారి యాజమాన్యమున సాగిన బజారది. దాని రాబడి ధర్మసంస్థలకును విద్యాలయములకును వినియోగపడినది. ఎన్నియో యేండ్లు చెన్నపురి నగరమంతయు వండుకొన్న కూర ఆ యిరుకు సందులలో తెల్లవారుజామున దిగినదే. బండ్లు, లారీలు, తలపై గంపలు, అరటిగెలలు, బురద. 1996లో కూరగాయలు, పండ్లు, పూల టోకువర్తకమును కోయంబేడునకు తరలించిరి. 2002లో దూరపు బస్సులును బ్రాడ్వేనుండి అచ్చటికే పోయినవి. తరలించుట తప్పని మేమనము. అచ్చట మనుష్యుడు నడుచుటకే చోటులేకుండెను. అయినను వీధులు పలుచబడలేదు. కూరలు పోయినచోటికి దినుసులు వచ్చెను. బర్మాదేశమునుండి కట్టుబట్టలతో మరలివచ్చినవారికై 1960ల చివర ప్రక్కనే వెలసిన బర్మాబజారు అప్పటికే తన సందడిని కలిపియుండెను.

1953కు ముందు ‘మదరాసు మనదే’ యను కేకలు వేసినవారిలో మా కుటుంబపు పెద్దలును ఉండిరి. ఆంధ్రరాష్ట్రము వచ్చెను, నగరము అరవదేశమున నిలిచెను. ఆ వాదమున ఇరుపక్షములవారును కంపెనీ దస్త్రములనే చూపిరి. దామెర్లవారి దానము, బేరి తిమ్మన్న, వీధులపేర్లు. ఈ వీధులలో తెలుగున వ్రాయబడిన వేలకొలది చిట్టాలు, ఆవర్జాలు అప్పటికి అటకలపై నుండియుండును. వానిని దింపి చూపినవారిని గూర్చి మేము వినలేదు. నగరమెవరిదను ప్రశ్నకు అవి సమాధానమియ్యకపోవును. అందెవరు బ్రతికిరి, ఎట్లు బ్రతికిరి అను ప్రశ్నకు ఇచ్చియుండును.

వర్తకుని వ్రాత దక్కినచో ఎంత మేలో తెలియుటకు పుదుచ్చేరియే సాక్షి. అచ్చటి ఫ్రెంచివారి దుబాసి ఆనందరంగపిళ్లె 1736 మొదలు 1761 వరకు దినచర్య వ్రాసెను. ఆయన మన తెలుగువారికిని పరిచితుడే. కస్తూరి రంగకవి ఆనందరంగరాట్ఛందమును ఆయనకే అంకితమిచ్చెను. ఆ దినచర్య మూలబడియుండగా 1846లో ఒక ఫ్రెంచి యుద్యోగి కనిపెట్టెను. అది వెలువడినపిమ్మట ఆ కాలపు చరిత్రమును దుబాసిమాట వినక వ్రాయుట యెవరికిని సాధ్యము కాలేదు. మన చెన్నపురి వర్తకులు అంతకంటె తక్కువ వ్రాసికొన్నవారు కారు. వర్తకుడు అన్నమైన మానునుగాని పద్దు మానడు.

ఆ పద్దులేమైనవో మేము కన్నులార చూచితిమి. కూరల బజారు తరలిపోయిన కాలముననే, ఒక పాతదుకాణమువారు ఇల్లు మార్చుచుండిరి. దుకాణముపేరు చెప్పము. వారు మాకు దూరపుచుట్టములు. మేము పోవునప్పటికి వాకిట త్రాసు వ్రేలాడుచుండెను. ఎఱ్ఱగుడ్డ అట్టల పొడుగుపుస్తకములు అటకమీదినుండి కట్టలుకట్టలుగా దిగుచుండెను. పాతకాగితములవాడు కట్ట నెత్తి త్రాసులో వేయుచు, అట్టలు బరువని వేరుగా చించి పారవేయుచుండెను. మేమడ్డుపడి, ‘ఇవి మీ తాతగారి చేవ్రాత గదా, బాబాయిగారూ’ యంటిమి. ఆయన కోపపడలేదు. ‘ఎవడు చదువును నాయనా? పాత బాకీలు వసూలగునా?’ అని నవ్వి, కావలసినచో రెండు తీసికొమ్మనెను. మేము రెండు తీసికొంటిమి. మిగిలినవన్నియు తోపుడుబండిమీద పోయెను. ఆ దినము మరికొంత సొమ్ము జేబులో నుంచుకొని పోయియుంటే అన్నియు మేమే కొనియుందుము. ఈ తప్పులో మాకును పాలుకలదు.

ఈ సంచిక చేరు ప్రతిగృహమునందును ఒక అటక యుండును. ఉన్నచో ఒకమారు నిచ్చెన వేయించి చూడుడని వేడుచున్నాము. చెదలుపట్టిన పుస్తకమైనను పారవేయవలదు. చదువుట రానిచో చదువగలవారు ఇంకను కొందరున్నారు. వీసము, పరక, కాలు, ముప్పాతిక గుర్తులతో వ్రాసిన పద్దులు నేటి బాలురకు తెలియవు. అవి తెలిసిన ముసలివారున్నంతలోనే ఆ పని జరుగవలెను. నెలనెల బియ్యపుధర, నూలుధర, కూలివాని దినకూలి, ఏ యూరి బేరగానికి అప్పు, ఏ కులమువానితో పొత్తు, ఇవన్నియు అందుండును. కుడిచేతి దుకాణమువారు ఎడమచేతివారికి అప్పిచ్చిరో లేదో కంపెనీదస్త్రము చెప్పదు, చిట్టా చెప్పును.

మాకు దక్కిన రెంటిలో నొకటి ఆనందనామ సంవత్సరపు చిట్టా, అనగా 1914. ఆ సంవత్సరము సెప్టెంబరు 22వ తేదీ రాత్రి తొమ్మిది దాటినపిమ్మట జర్మనులయోడ ఎండెన్ చెన్నపురి రేవునకు వచ్చి చమురుతొట్ల మీద గుండ్లు కురిపించినదని చరిత్రపుస్తకములు చెప్పును. ఒక గుండు హైకోర్టు ఆవరణమున పడిన గుర్తుగా అచ్చట నొక ఫలకము కలదు. అప్పుడు శరన్నవరాత్రములు జరుగుచుండెను. మా చిట్టాలో ఆనాటి పుటపై నెప్పటివలె శ్రీకారము, తిథివారములు, క్రింద మూడు బట్టల పద్దులు, అమ్మవారి ఉత్సవమునకు చందా. మరునాటి పుటలో అమ్మకము లేదు. ఖర్చువైపున నాలుగే పంక్తులు: ఆడువారిని పిల్లలను నెల్లూరు పంపుటకు రైలుఖర్చు, స్టేషనువరకు బండిబాడుగ, ‘బండివాడు మూడింతలు పుచ్చుకొనెను’ అని ప్రక్కన సన్నని యక్షరములు, దీపమునకు నూనె. అటుపై కొన్ని పుటలు తిథివారములు తప్ప ఖాళీ. విజయదశమినాడు మరల పద్దు మొదలగును. మొదటిపద్దు అమ్మకము కాదు. ఎదుటి దుకాణమువారికి తాళపుచెవి అప్పగించియుంచినందుకు వారి గుమాస్తాకు ఒక పంచె. ఎదుటి దుకాణమువారి పేరు అందున్నది. వారు మన కులమువారు కారు.